మెరక, పల్లం: గోదావరి డెల్టాలో నేల ఎత్తు కథ

ఆగస్టులో గోదావరికి వరద వచ్చిన రోజుల్లో కోనసీమలో ఏ ఏటిగట్టు మీదనైనా కాసేపు నిలబడి రెండు పక్కలా చూడాలి. ఒక పక్క ఎర్రనీళ్ళు గట్టు అంచుకు నాలుగైదు అడుగుల దిగువన సుళ్ళు తిరుగుతూ సాగిపోతుంటాయి. రెండో పక్క కొబ్బరిచెట్ల నడుమ ఊరు కనిపిస్తుంది: పెంకుటిళ్ళు, పశువుల పాకలు, గడ్డిమేట్లు, బడి ఆవరణలో ఆడుకునే పిల్లలు. కంటితో కొలిచినా తెలిసిపోతుంది, ఏటిలో నీటిమట్టం ఊళ్ళో ఇళ్ళ అరుగుల కంటే ఎత్తులో ఉంది. కొన్నిచోట్ల చూరు ఎత్తున కూడా ఉంటుంది. ఆ నీటికీ ఆ అరుగుకూ మధ్య ఉన్నది మనుషులు తట్టలతో మోసి పోసిన మట్టి మాత్రమే.

గోదావరి డెల్టా పచ్చదనాన్ని ప్రకృతి ప్రసాదంగా చెప్పుకోవడం మనకు అలవాటు. మట్టిని నది తెచ్చిన మాట నిజమే. ఆ మట్టి ఎక్కడ ఎంత ఎత్తున ఉండాలి, దాని మీద నీళ్ళు ఎటు పారాలి, ఎన్నాళ్ళు నిలవాలి అన్నవి మాత్రం చాలావరకు మనుషులు నిర్ణయించినవే. ఈ ప్రాంత చరిత్రను సాధారణంగా నీటి చరిత్రగా రాస్తారు: కరువు, ఆనకట్ట, కాలువ, పంట. దానిని నేల ఎత్తు చరిత్రగా చదివితే మరింత బాగా అర్థమవుతుందని నా అభిప్రాయం, ఎందుకంటే ఇక్కడి నీటి తగాదాలన్నీ చివరికి అడుగు, అడుగున్నర ఎత్తు తేడా దగ్గరే తేలతాయి.

ముందు నది చేసిన పని చూద్దాం. పాపికొండల ఇరుకులోంచి బయటపడి రాజమహేంద్రవరం దాటిన గోదావరి, ధవళేశ్వరం దగ్గర గౌతమి, వశిష్ఠ అనే రెండు పెద్ద పాయలుగా చీలుతుంది. వశిష్ఠ నుంచి వైనతేయ విడిపోతుంది. ధవళేశ్వరం దగ్గర నిలిచే నీటిమట్టం సముద్రం కంటే సుమారు 14 మీటర్లు పైన ఉంటుంది. అక్కడి నుంచి సముద్రం 70 కిలోమీటర్ల పైచిలుకు. అంటే కిలోమీటరుకు 20 సెంటీమీటర్ల వాలు, జానెడు కంటే తక్కువ. ఇంత చదునైన నేల మీద నది వరదకు పొర్లినప్పుడు ముందుగా బరువైన ఇసుకను, ముతక ఒండ్రును ఒడ్డు పక్కనే దించేస్తుంది. సన్నని బంక మాత్రం నీటితో పాటు దూరం పోయి పల్లంలో పేరుకుంటుంది. అందువల్ల డెల్టాలో ఏటి ఒడ్డు ఎత్తుగానూ, రెండు పాయల నడిమి నేల పల్లంగానూ ఉంటాయి. కొండ ప్రాంతంలో నది లోయలో ఉంటే, ఇక్కడ నది గట్టెక్కి కూర్చుంటుంది. ఈ ఒక్క సంగతి పట్టుకుంటే మిగతా కథంతా దాని వెనకే వస్తుంది.

సముద్రం కూడా తన వంతు చేసింది. కొన్ని వేల ఏళ్ళుగా తీరం ముందుకు జరుగుతూ, పాత తీరాల ఇసుక దిబ్బలను లోపలే వదిలేసింది. ఇప్పటి కొల్లేరు ఒకప్పుడు సముద్రంతో కలిసి ఉన్న ఉప్పునీటి కయ్య అనీ, గోదావరి, కృష్ణ డెల్టాలు రెండూ పెరిగి దానిని లోపల బంధించాయనీ భూవిజ్ఞానులు చెబుతారు. ఈ తేడాలన్నిటికీ ఇక్కడి భాషలో పేర్లున్నాయి. కాస్త ఎత్తైన ఇసుకపాటి నేల గరువు. ఇల్లు కట్టుకోవడానికి పనికొచ్చేది మెరక. వరి పండేది పల్లం. వానాకాలమంతా నీళ్ళు నిలిచి ఉండేది ఆవ. ఏటి మధ్య మేటవేసి తేలినది లంక. తీరం దగ్గర ఉప్పుకు బీడుపడినది పర్ర. ఏరు సముద్రంలో కలిసే చోటు మొగ. భీమవరం పక్కన పెదగరువు, చినగరువు అనే ఊళ్ళున్నాయి. కోనసీమలో లంకతో ముగిసే పేర్లకు లెక్కే లేదు. ఊరి పేరులోనే నేల ఎత్తు రాసిపెట్టి ఉన్న ప్రాంతం ఇది.

ఆనకట్టకు ముందు ఇదంతా అడవి అనుకోవడం పొరపాటు. పంచారామాల్లో అమరావతి తప్ప తక్కిన నాలుగూ, అంటే ద్రాక్షారామం, సామర్లకోట, పాలకొల్లు, భీమవరం, ఈ డెల్టాలోనూ దాని అంచునా ఉన్నాయి. తూర్పు చాళుక్యుల నాటికే అంత రాతికట్టడాన్నీ, అంత మంది అర్చకులనూ పోషించగల మిగులు పంట ఇక్కడ ఉండేదన్నమాట. అప్పటి వ్యవసాయం మెరకను పట్టుకుని సాగింది. వరద నీటిని చిన్న చిన్న కాలువలతో చెరువులకు మళ్ళించి, చెరువు కింద వరి, మిగతా చోట్ల మెట్ట పంటలు పండించేవారు. 17, 18 శతాబ్దాల్లో నరసాపురం, పాలకొల్లు, యానాం, ఇంజరం ప్రాంతాల్లో డచ్చి, ఫ్రెంచి, ఇంగ్లీషు వర్తకులు నేతబట్ట కోసం చేరారు. ఆ కాలంలో డెల్టాకు పేరు తెచ్చింది వరికంటే మగ్గమే అనాలి.

పందొమ్మిదో శతాబ్దం మొదటి సగంలో అన్నీ ఒకేసారి కూలాయి. ఇంగ్లండు మిల్లు బట్ట ముందు నేత పని నిలవలేకపోయింది. చెరువులూ కాలువలూ మరమ్మతు లేక పూడిపోయాయి. 1833 నాటి కరువు, 1839లో కోరంగిని ముంచిన తుపాను, ఆపైన శిస్తు బరువు, అన్నీ కలిసి జిల్లాను ఖాళీ చేశాయి. అప్పటి రాజమండ్రి జిల్లా జనాభా 1821లో సుమారు 7.4 లక్షలుంటే 1841 నాటికి 5.6 లక్షలకు పడిపోయింది. పక్కనే నిండు గోదావరి పారుతుండగా జనం తిండిలేక చచ్చిపోయారు. నీళ్ళు లేక వచ్చిన కరువు కాదది. నీళ్ళు నేల కంటే దిగువన పారుతున్నందువల్ల వచ్చిన కరువు. వరద రోజుల్లో నది పొలాన్ని ముంచుతుంది. వరద తీశాక అదే నది పొలానికి అందనంత లోతుకు దిగిపోతుంది.

ఆర్థర్ కాటన్ చేసిన పనిని ఈ వెలుగులో చూస్తే దాని తెలివి స్పష్టమవుతుంది. 1847లో మొదలై 1852లో ముగిసిన ధవళేశ్వరం ఆనకట్ట నీటిని నిల్వచేసే డ్యాము కాదు. ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం అనే నాలుగు ముక్కలుగా, మధ్యలో లంకలను కలుపుకుంటూ, మొత్తం మూడున్నర కిలోమీటర్ల రాతిగోడ నదికి అడ్డంగా వేసి, నీటిమట్టాన్ని కొన్ని అడుగులు మాత్రం పైకి లేపారు. ఆ కొన్ని అడుగులే చాలాయి. డెల్టా తల దగ్గర నీళ్ళు నేల ఎత్తుకు వచ్చాక, అక్కడి నుంచి సముద్రం దాకా వాలు దానంతటదే పని చేస్తుంది. వీణెం వీరన్న వంటి స్థానిక ఉద్యోగులు కూలీలను కూడగట్టి పని నడిపించకపోతే కాటన్ ఆలోచన కాగితం దాటేది కాదన్నది కూడా ఇక్కడ చెప్పుకోవాలి. ధవళేశ్వరంలో వీరన్న పేరుతో ఒక లాకు (కాలువలో పడవలను ఒక మట్టం నుంచి మరో మట్టానికి దాటించే తలుపుల కట్టడం) నేటికీ ఉంది.

కాలువలు ఎక్కడ తవ్వారన్నది అసలు కీలకం. పల్లంలో తవ్వితే నీళ్ళు పొలానికి ఎక్కవు, అందుకని నది వేసిన మెరకల వీపు మీదుగా తవ్వారు. ప్రతి కాలువా తనకు రెండు పక్కలా ఉన్న పల్లానికి తూముల ద్వారా, బోదెల ద్వారా నీళ్ళు వదులుతుంది. కోనసీమ చివరనున్న నగరం లంకకు నీళ్ళు అందించడానికి వైనతేయ పాయ మీదుగా గన్నవరం దగ్గర అక్విడక్టు కట్టారు. కింద ఏరు, పైన కాలువ. ఆ కమానుల మీద నిలబడితే ఎత్తును కాపాడుకోవడం కోసం మనిషి ఎంత దూరం వెళ్ళాడో కళ్ళకు కడుతుంది. 1970లో పని మొదలై 1982 నాటికి పూర్తయిన కొత్త బ్యారేజీ పాత ఆనకట్ట స్థానాన్ని తీసుకుంది కాని, దాని వెనుక సూత్రం మారలేదు. తూర్పు, మధ్య, పశ్చిమ డెల్టాలు మూడూ కలిపి పది లక్షల ఎకరాలకు ఈ నీరే ఆధారం.

కాలువలు రోడ్లుగా కూడా పనిచేశాయి. ఎత్తు మారే చోటల్లా లాకులు పెట్టడంతో, ధాన్యం పడవలు కాకినాడ నుంచి ఏలూరు మీదుగా కృష్ణ డెల్టాలోకీ, అక్కడి నుంచి బకింగ్‌హామ్ కాలువలో మద్రాసు దాకా పోయేవి. లాకు ఉన్నచోట పడవలు ఆగుతాయి, ఆగినచోట అంగళ్ళు పెరుగుతాయి. అందుకే లాకుల దగ్గర, కాలువ గట్టున వెలసిన ఊళ్ళు పాత గుడి ఊళ్ళకంటే త్వరగా పెద్దవయ్యాయి.

ఇంతవరకు చాలామందికి తెలిసిన కథే. దీని రెండో సగాన్ని మనం తగినంత పట్టించుకోలేదు. పొలానికి నీళ్ళు తేవడం సులువయ్యాక, పొలం నుంచి నీళ్ళు పంపడం కష్టమయ్యింది.

కాలువ మెరక వీపు మీదుగా పోతే, మురుగు పల్లంలోంచి పోవాలి. పూర్వం పల్లంలో పడిన వాన ఏ కోడు పట్టుకునో నెమ్మదిగా ఉప్పుటేరులోకి, అక్కడి నుంచి సముద్రంలోకి జారిపోయేది. ఇప్పుడు ఆ దారికి అడ్డంగా కాలువ గట్లు, రోడ్డు గట్లు, రైలు కట్టలు, ఏటిగట్లు లేచాయి. డెల్టా అంతా పళ్ళేలు పక్కపక్కన పేర్చినట్టు తయారైంది, ఒక్కో పళ్ళెంలో పడిన నీటికి ఒక్కో సన్నని డ్రెయినే దారి. పైగా సముద్రం పోటుమీద ఉన్నంతసేపు ఆ డ్రెయిను కూడా పారదు. 1960ల వరదల తరువాత మిత్ర కమిటీ ఈ మురుగు సమస్యను పరిశీలించింది, 1968లో కృష్ణా, గోదావరి డెల్టాలకు ప్రత్యేకంగా డ్రెయినేజి సెస్సు చట్టం వచ్చింది. అంటే నీటి తీరువాతో పాటు నీళ్ళు పంపడానికి కూడా రైతు పన్ను కట్టిన ప్రాంతం ఇది.

సరిగ్గా ఆ సమయంలోనే వరి కూడా పొట్టిదైంది. పాతకాలపు పొడుగు వరి మొలలోతు నీళ్ళలో కూడా తల పైకెత్తుకుని నిలబడేది. 1967లో ఆచంట రైతు నెక్కంటి సుబ్బారావు వంటివారు చేపట్టిన ఐఆర్-8 మొలెత్తు దగ్గరే ఆగిపోయే వంగడం. దిగుబడి ఇబ్బడిముబ్బడిగా ఇచ్చింది, దానికి బదులుగా మడిలో నీళ్ళు అంగుళాల లెక్కన ఉండాలని అడిగింది. దమ్ము చేసి మడిని చదును పెట్టేటప్పుడు రైతు ఒక మూల నిలబడి నీటి అద్దంలోకి చూస్తాడు. ఎక్కడ మట్టి పెళ్ళ తేలితే అక్కడ కాలితో నొక్కి, ఆ మట్టిని నీళ్ళు లోతుగా ఉన్న మూలకు తోస్తాడు. అర అంగుళం తేడాను కూడా నీళ్ళే చూపిస్తాయి. అలా కొన్ని తరాలు ఏటా రెండుసార్లు, సార్వాకొకసారి (వానాకాలపు పంట) దాళ్వాకొకసారి (రెండో పంట), చదును చేసిన పొలాలివి. మనం రైలు కిటికీలోంచి చూసి ముచ్చటపడే ఆ సమతలం నది ఇచ్చింది కాదు, పాదాలు ఇచ్చింది. మార్టేరు వరి పరిశోధనా స్థానం 1982లో విడుదల చేసిన స్వర్ణ వంగడం డెల్టాలోనే కాక తూర్పు భారతమంతటా పాకిపోయింది. ముంపును తట్టుకునేలా దానినే తిరిగి మలిచి స్వర్ణ సబ్-1 తీసుకురావలసి వచ్చింది. నేల ఎత్తు సరిచేయలేకపోయినచోట విత్తనాన్ని సరిచేశామన్నమాట.

2011 సార్వాకు కోనసీమ రైతులు పంటవిరామం ప్రకటించినప్పుడు దేశమంతా ఆశ్చర్యపోయింది. కాలువ నిండా నీళ్ళుండగా నారు పోయకుండా ఊరుకోవడమేమిటని అడిగినవారున్నారు. గిట్టుబాటు ధర లేకపోవడం, కూలి ఖర్చు పెరగడం అందుకు ప్రధాన కారణాలు. వాటితోపాటు, డ్రెయిన్లు పూడిపోయి ఏటా కోత సమయానికి పంట మునిగిపోవడం కూడా ఒక కారణమని ఆ రైతులే చెప్పారు. నీళ్ళు అందక కరువొచ్చిన 1833కూ, నీళ్ళు పోక విరామం ప్రకటించిన 2011కూ మధ్య ఉన్న దూరమే డెల్టా మార్పుకు కొలత.

మెరక పల్లాలను మనిషి మలిచిన తీరు ఊరి లోపల కూడా కనిపిస్తుంది. డెల్టాలో ఇల్లు కట్టాలంటే ముందు మట్టి కావాలి. ఆ మట్టిని పక్కనే గొయ్యి తవ్వి తీస్తారు. గొయ్యి చెరువవుతుంది, తవ్విన మట్టి ఇంటి మెరక అవుతుంది. ఊరూరా ఇన్ని చెరువులుండడానికి ఇది కూడా ఒక కారణం. వేసవిలో కాలువలు కట్టేసే ముందు మంచినీళ్ళ చెరువులు నింపుకోవడం డెల్టా ఊళ్ళన్నిటికీ పంచాంగంలో పండుగ వంటిది. కొబ్బరితోటల్లో కూడా వరుసల మధ్య బోదెలు తీసి ఆ మట్టిని మొదళ్ళకు ఎగదోస్తారు. అయితే ఈ మెరక అందరికీ సమానంగా దక్కలేదు. గుడి, పెద్ద వీధి, భూస్వాముల లోగిళ్ళు గరువు మీద ఉంటే, చాలా ఊళ్ళలో దళితపేటలు పల్లంలో, డ్రెయిను పక్కన, లేదా ఏటిగట్టు వాలున ఉన్నాయి. భూమి లేనివారికి సొసైటీల ద్వారా దక్కిన సాగు కూడా చాలాచోట్ల లంక భూముల్లోనే, అంటే గట్టుకు అవతల, వరదకు ఎదురుగా. ఊరిలో వరద నీరు ముందుగా ఎవరి గడప తొక్కిందో చూస్తే ఆ ఊరి చరిత్ర సగం తెలిసిపోతుంది.

ఇక 1980ల చివర నుంచి వచ్చిన మార్పు నేలను మరో దిశకు తిప్పింది. అంతవరకు మట్టిని చదును చేసిన చేతులు ఇప్పుడు పొలాన్ని తవ్వి చెరువు చేయడం మొదలుపెట్టాయి. టైగర్ రొయ్యకు వచ్చిన ధర ముందు వరి ఏమాత్రం నిలవలేదు. 1990ల నడుమ తెల్లమచ్చ వైరసు ఆ సాగును కుప్పకూల్చింది. 1996 డిసెంబరులో సుప్రీంకోర్టు తీరం వెంబడి రొయ్యల చెరువుల మీద ఆంక్షలు విధించింది. 2009లో వనామి రొయ్యకు అనుమతి వచ్చాక చెరువులు మళ్ళీ లేచాయి, ఈసారి ఇంకా లోపలికి. ఇక్కడ జరిగేది సరళమైన లెక్క. ఒక రైతు పొలం తవ్వి గట్టు పోసి ఉప్పునీళ్ళు నింపితే ఆ ఊట పక్క పొలంలోకి దిగుతుంది. వరి ఎర్రబారుతుంది. రెండేళ్ళు చూసి పక్క రైతు కూడా చెరువు తవ్వుతాడు, లేదా కౌలుకిస్తాడు. ఇష్టపడి మారినవారెందరో, గత్యంతరం లేక మారినవారు కూడా అందరే ఉంటారని నా నమ్మకం. భీమవరం, ఉండి, ఆకివీడు దారుల్లో ఇప్పుడు వరి ఆకుపచ్చ మధ్య మధ్యలో మాత్రమే కనిపిస్తుంది. ఎటు చూసినా నీటి పలకలు, వాటిలో నీటికి గాలి పట్టిస్తూ తిరిగే చక్రాలు, కరెంటు తీగలు.

కొల్లేరు కథ ఇదే లెక్క పెద్ద ఎత్తున జరిగినది. బుడమేరు, తమ్మిలేరు వంటి ఏళ్ళ నీటినీ పశ్చిమ డెల్టా మురుగునూ తనలో పట్టుకుని ఉప్పుటేరు ద్వారా మెల్లగా సముద్రానికి వదిలే సహజమైన గిన్నె అది. అయిదో కాంటూరు వరకు, అంటే సముద్రమట్టానికి అయిదడుగుల ఎత్తు గీత దాకా, 308 చదరపు కిలోమీటర్లను 1999లో అభయారణ్యంగా ప్రకటించారు. 2002లో అంతర్జాతీయ ప్రాముఖ్యం గల చిత్తడి నేలల రామ్‌సర్ జాబితాలో చేరింది. అప్పటికే సరస్సు కడుపు నిండా చేపల చెరువుల గట్లున్నాయి. 2005-06లో ప్రభుత్వం వాటిని పేల్చి కొట్టించింది. కొల్లేటి లంక గ్రామాల్లో చిన్న రైతులకు, చేపలు పట్టి బతికేవారికి ఆ నష్టం ఇంకా మానని గాయం. గిన్నెలో గట్లు పోస్తే గిన్నె లోతు తగ్గుతుంది, వాన నీరు పక్క ఊళ్ళకు ఎగదన్నుతుంది. కొల్లేటిని కాపాడాలన్న వాదన ముందుగా ఆ ఊళ్ళ కోసం, పక్షుల మాట ఆ తరువాత.

చివరగా ఒండ్రు. ఒకప్పుడు గోదావరి తెచ్చే మట్టి ఎక్కువై కోరంగి రేవు పూడిపోయింది. కాకినాడ ముందున్న హోప్ ఐలాండ్ గత రెండు శతాబ్దాల్లోనే ఇసుక మేటవేసి ఏర్పడింది. ఆ నది ఇప్పుడు మట్టికి పేదదైంది. 1970లలో ఏటా సుమారు 15 కోట్ల టన్నుల ఒండ్రు తెచ్చిన గోదావరి, 2000 తరువాత 6 కోట్ల టన్నుల లోపే తెస్తోందని కొలతలు చెబుతున్నాయి. జాయక్వాడి, శ్రీరాంసాగర్ మొదలుకొని ఎగువన కట్టిన జలాశయాల అడుగున ఆ మట్టి ఆగిపోతోంది. వచ్చిన కొద్దిపాటిదీ పొలాల మీద పడదు. 1986లో ధవళేశ్వరం దగ్గర 35 లక్షల క్యూసెక్కుల వరద వచ్చి గట్లు తెగిన తరువాత ఏటిగట్లను ఇంకా ఎత్తు చేశారు. ప్రాణాలు కాపాడడానికి అది తప్పనిసరి. అదే గట్టు పొలానికి దక్కవలసిన కొత్త మట్టి పొరను కూడా ఆపేసింది. డెల్టా మట్టి తన బరువుకు తానే కొద్దికొద్దిగా అణిగిపోతుంది, పైన కొత్త పొర పడకపోతే ఆ అణగడమే మిగులుతుంది. ప్రపంచ డెల్టాల మీద 2009లో వెలువడిన ఒక పరిశోధన ముప్పులో ఉన్నవాటిలో గోదావరిని చేర్చింది. గ్యాసు తీయడం వల్ల కూడా నేల కుంగుతోందని తీర గ్రామాల రైతులు చాలా ఏళ్ళుగా మొరపెట్టుకుంటున్నారు. లంకల మట్టి ఇటుక బట్టీలకు, ఏటి ఇసుక నగరాల మేడలకు తరలిపోతున్నది కూడా ఈ లెక్కలోదే. సముద్రానికీ ఊళ్ళకూ మధ్య మిగిలిన మెత్తటి గోడ కోరంగి మడ అడవి. మడచెట్ల వేళ్ళ మధ్య మాత్రం ఇంకా ఒండ్రు ఆగి, నేల పెరుగుతోంది.

తీరానికి దగ్గరలో, డ్రెయిను పక్కన ఒక రైతు ఇల్లు ఈమధ్య చూశాను. పోటు సమయానికి తలుపులు తుప్పుపట్టిన స్లూయిజు గుండా ఉప్పునీళ్ళు డ్రెయినులోకి ఎదురెక్కి, అతని పొలం అంచుదాకా వచ్చి ఆగుతున్నాయి. గడపలోకి నీళ్ళు రాకుండా అతను ఇంటిని మూడడుగులు మెరక చేసుకుంటున్నాడు. ట్రాక్టరు మట్టి కొనే స్తోమత లేదు కాబట్టి, ఇంటి వెనకనున్న తన వరిచేను మూల నుంచే పారతో మట్టి తీసి, భార్య, అతను చెరో తట్ట మోస్తున్నారు. ఇల్లు ఎంత లేస్తోందో చేను అంత దిగుతోంది. ఆ సాయంత్రానికే చేను మూల తవ్విన గుంటలోకి నీళ్ళు ఊరాయి. వేలు ముంచి నోట పెట్టుకుని చూపించాడు, ఉప్పగా ఉన్నాయి.